ఎడిటింగ్ నుంచి కెమెరాకు మారాలంటే: ముందు లైటు, తర్వాతే లెన్స్

ప్రశ్న: హైదరాబాద్‌లో నాలుగేళ్లుగా అసిస్టెంట్ ఎడిటర్‌గా పనిచేస్తున్నాను. వయసు 28. సినిమాటోగ్రఫీ వైపు వెళ్లాలని ఉంది. ఇన్నాళ్ల పని వృథా అవుతుందా? మళ్లీ సున్నా నుంచి మొదలుపెట్టాలా? రెండూ కలిపి చేయవచ్చా? కుదరకపోతే వెనక్కి రావచ్చా?

సమాధానం:

వృథా కాదు. సున్నా నుంచీ కాదు. అయితే మూడు నాలుగు మెట్లు కిందికి దిగక తప్పదు. ఎక్కడ దిగితే నష్టం తక్కువో చెప్పాలనే ఈ జవాబు ఇంత పొడవైంది.

ఎడిటర్ ఉన్నదాంట్లోంచి ఎంచుకుంటాడు. నచ్చకపోతే వెనక్కి తీసుకుంటాడు, రేపు పొద్దున తాజా కళ్లతో మళ్లీ చూస్తాడు. కెమెరామన్ ఇంకా లేనిదాన్ని ఊహించుకుని, యూనిట్ మొత్తం ఎదురుచూస్తుండగా, పది నిమిషాల్లో తేల్చేయాలి. కార్డు మీద పడ్డాక అది మారదు. శాఖ మారాలనుకునే వాళ్లు కెమెరా మోడళ్లు, లెన్సుల పేర్లు బట్టీపడుతుంటారు గానీ, అసలు మారాల్సింది ఈ అలవాటు.

మీ వెంట వచ్చేది చిన్నదేం కాదు. లెఫ్ట్ లుక్, రైట్ లుక్ (నటుడు చూసే దిశ) తప్పితే ఎడిటింగ్ టేబుల్ మీద ఏమవుతుందో మీకు తెలుసు. మాస్టర్ షాట్‌లో (సీను మొత్తం కనబడే షాటు) కుడిచేత్తో గ్లాసు పట్టుకున్నవాడు క్లోజ్‌లో ఎడమచేత్తో పట్టుకుంటే ఆ క్లోజ్ ఎందుకు పనికిరాదో తెలుసు. సజెషన్ షాట్‌లో (ఒకరి భుజం మీదుగా ఇంకొకరిని చూపే షాటు) ముందున్న భుజం కదిలితే కట్ ఎలా ఎగురుతుందో తెలుసు. "ఇది చాలా, ఇంకో సైజు తీద్దామా?" అని డైరెక్టర్ అడిగినప్పుడు సూటిగా జవాబు చెప్పగల మనిషి కెమెరా పక్కన ఉంటే రోజుకు ఒకటి రెండు సెటప్‌లైనా మిగులుతాయి. కెమెరా అసిస్టెంట్లకు ఈ చూపు రావడానికి ఏళ్లు పడుతుంది.

మీకు లేనిది లైటు. ఫుటేజీలో మీరు చూసేది లైటు ఫలితాన్ని. అది ఎక్కడి నుంచి, ఎంత దూరం నుంచి, దేనిగుండా వచ్చిందో మీకు కనబడదు. కాబట్టి కెమెరా కొనకముందే ఒక లైట్ మీటరు కొనండి, సెకోనిక్‌లో చిన్న మోడల్ అయినా చాలు. ఒక గ్రే కార్డు, రెండు థర్మాకోల్ షీట్లు, ఒక టేపు. మొదటి మూడు నెలలకు సరంజామా ఇంతే. కెమెరా అరువు తెచ్చుకోండి.

మొదటి అభ్యాసం ఎక్స్‌పోజర్ టెస్ట్. రంగులు దిద్దే సాఫ్ట్‌వేర్ రిజాల్వ్ ఇప్పటికే చేతిలో ఉంది కాబట్టి ఇది ఎడిటర్లకు బాగా కలిసొస్తుంది. 1.4 వరకు తెరుచుకునే 50 ఎంఎం స్టిల్ లెన్స్ తీసుకోండి (ఇది ఎపర్చర్ అంకె, తగ్గేకొద్దీ లెన్సు ఎక్కువ తెరుచుకుంటుంది). ఒక మనిషి ముఖం, పక్కన గ్రే కార్డు, ఒక తెల్ల పంచె, ఒక నల్ల గుడ్డ ఫ్రేములో పెట్టండి. ఒకే లైటు, 45 డిగ్రీల పక్క నుంచి. మీటరు 5.6 చూపేలా లైటును జరపండి. ఆపైన లైటు కదపొద్దు, ఐఎస్ఓ (సెన్సర్ సున్నితత్వం) మార్చొద్దు, లాగ్‌లో (రంగులు తర్వాత దిద్దుకోవడానికి వీలుగా పేలవంగా రికార్డు చేసే పద్ధతి) తీయండి. 5.6 దగ్గర మొదటి క్లిప్. తర్వాత 4, 2.8, 2, 1.4: నాలుగు స్టాపులు ఎక్కువ (ఒక స్టాపు అంటే వెలుగు రెండింతలు కావడం లేదా సగం కావడం). మళ్లీ 8, 11, 16, 22: నాలుగు స్టాపులు తక్కువ. పది సెకన్ల చొప్పున మొత్తం తొమ్మిది క్లిప్పులు, ప్రతిదానికీ స్లేటు (క్లాప్ బోర్డు). రిజాల్వ్‌లో అన్నింటినీ 5.6 క్లిప్‌తో సమానం చేయడానికి ప్రయత్నించండి. ఎక్కడ పంచె మడతలు మాయమయ్యాయి, నుదుటి మెరుపు ఎక్కడ చచ్చిపోయి పసుపు మరకయింది, నల్లగుడ్డలో రంగురంగుల చుక్కలు ఏ స్టాపు దగ్గర మొదలయ్యాయి అన్నది రాసుకోండి. ఆ కెమెరా గురించి బ్రోచర్ చెప్పే లాటిట్యూడ్ (వెలుగు హెచ్చుతగ్గులను ఎంత తట్టుకుంటుందన్న) అంకె కంటే ఈ కాగితమే మీకు నమ్మకమైనది. కెమెరా మారిన ప్రతిసారీ మళ్లీ చేయాలి.

రెండోది నిష్పత్తి. కిటికీ వెలుగు ముఖానికి ఒక పక్క, థర్మాకోల్ రెండో పక్క. రెండు చెంపల దగ్గరా మీటరు పెట్టి చూడండి. తేడా ఒక స్టాపు ఉంటే 2:1, రెండు స్టాపులైతే 4:1, మూడైతే 8:1. థర్మాకోల్‌ను ముందుకూ వెనక్కూ జరుపుతూ ఈ మూడూ తీసి, పక్కపక్కన పెట్టి చూడండి. మీరు టేబుల్ మీద "సాఫ్ట్‌గా ఉంది", "మూడీగా ఉంది" అనే మాటలకు అసలు కొలత ఇది. లైటును రెండు మీటర్ల నుంచి నాలుగు మీటర్లకు జరిపితే వెలుగు సగం కాదు, నాలుగో వంతు అవుతుంది, అంటే రెండు స్టాపులు పోతాయి. లైటు దగ్గరగా పెట్టిన సీన్లో నటుడు ఒక్క అడుగు ముందుకు వాలితే ముఖం ఎందుకు మరీ తెల్లగా అయిపోతుందో దీంతో అర్థమవుతుంది. ఆ షాట్లను మీరు ఇప్పటికే చాలాసార్లు డీఐ (ఎడిటింగ్ తర్వాత రంగులు, వెలుగు సరిచేసే దశ) వాళ్ల మీదికి నెట్టి ఉంటారు.

కొన్ని అంకెలు నిద్రలో లేపి అడిగినా చెప్పగలగాలి. మన దగ్గర కరెంటు 50 హెర్ట్జ్, కాబట్టి బల్బు సెకనుకు 100 సార్లు కొట్టుకుంటుంది. షట్టర్ తెరిచి ఉండే సమయం సెకనులో వందో వంతుకు పూర్తి గుణకంగా ఉంటే ఫ్లికర్ రాదు. 24 ఫ్రేములకు 180 డిగ్రీల షట్టర్ అంటే 1/48 సెకను, లెక్క కుదరదు. అందుకే ఇక్కడ 172.8 డిగ్రీలు పెడతారు, సరిగ్గా 1/50 వస్తుంది. 48 ఫ్రేముల్లో అదే 172.8 అయితే 1/100, అదీ సరే. చవకరకం ఎల్‌ఈడీలు, డిమ్మర్ తగ్గించిన ఎల్‌ఈడీలు ఈ లెక్కకు లొంగవు. లొకేషన్ రెక్కీలోనే ఆ లైట్లు వేసి, ఒక నిమిషం తీసి పెద్ద మానిటర్ మీద చూడటం తప్ప మార్గం లేదు.

ఎండలో ఐఎస్ఓ 800, షట్టర్ 1/50 పెట్టి 2.8లో తీయాలంటే ఎన్‌డీ (వెలుగు తగ్గించే ఫిల్టరు) ఎంత? ఐఎస్ఓ 800లో నిండు ఎండకు షట్టర్ 1/800 అయితే ఎపర్చర్ 16. షట్టర్ వల్ల నాలుగు స్టాపులు, 16 నుంచి 2.8కి అయిదు. మొత్తం తొమ్మిది స్టాపులు, అంటే ఎన్‌డీ 2.7. ఇంత గట్టి ఎన్‌డీ మామూలు రకమైతే ఇన్‌ఫ్రారెడ్ లోపలికి వచ్చి నల్లకోటు ముదురు గోధుమరంగులోకి తిరుగుతుంది. ఐఆర్ ఎన్‌డీ అడగాలి. లాయరు పాత్రలున్న సీన్లలో ఈ తప్పు ముందుగా బయటపడేది బట్టల్లోనే.

ఇక ఫోకస్. సూపర్ 35 సెన్సర్ (సినిమా కెమెరాల్లో ఎక్కువగా ఉండే సైజు) మీద 50 ఎంఎం, 2.8, మనిషి రెండు మీటర్ల దూరంలో ఉంటే షార్ప్‌గా ఉండే మందం సుమారు 22 సెంటీమీటర్లు. అదే దూరంలో 85 ఎంఎం, 2 పెడితే ఐదున్నర సెంటీమీటర్లు. కనురెప్పలు షార్ప్‌గా ఉంటే చెవి ఉండదు. టేబుల్ మీద కూర్చుని "ఈ టేక్ సాఫ్ట్" అని పక్కన పడేసే ముందు ఆ ఫోకస్ పుల్లర్ (షాటు నడుస్తుండగా ఫోకస్ తిప్పే అసిస్టెంట్) చేతిలో ఉన్నది ఎంతో తెలిసి ఉండాలి. అందుకే రోజూ ఓ యాభై సార్లు దూరాలు కంటితో అంచనా వేసి, టేపుతో కొలవండి. సెట్లో అడుగుల్లోనే మాట్లాడతారు, మీరూ అడుగుల్లోనే అలవాటు చేసుకోండి. పదడుగుల దగ్గర తప్పు అర అడుగులోపు వచ్చేదాకా వదలొద్దు.

ఇప్పుడు దిగాల్సిన మెట్టు. నేరుగా ఒక కెమెరామన్ దగ్గరికెళ్లి "అసిస్టెంట్‌గా పెట్టుకోండి" అంటే, 28 ఏళ్ల వయసులో, 21 ఏళ్ల కుర్రాళ్ల వెనక ఆఖరి వరుసలో నిలబడాలి. మీకు మూడు పక్కదారులున్నాయి.

స్పాట్ ఎడిటింగ్ (షూటింగ్ జరిగే చోటే షాట్లు అతికి చూడటం) మొదటిది, నా లెక్కలో అన్నింటికంటే మంచిది. మీ పాత పనికే డబ్బులొస్తాయి, కూర్చునేది మాత్రం మానిటర్ పక్కన. సెటప్ మారే ప్రతి విరామంలో లేచి వెళ్లి లైటు ఎక్కడ పెట్టారో, స్కిమ్మర్ (వెలుగును మెత్తబరిచే గుడ్డ ఫ్రేము) ఎంత దూరంలో ఉందో, కట్టర్ (వెలుగును ఆపే నల్ల అడ్డు) దేనికి అడ్డం పెట్టారో ఒక చిన్న బొమ్మ గీసుకోండి. రాత్రి ఆ షాట్ టైమ్‌లైన్‌లో తెరిచి బొమ్మతో కలిపి చూడండి. అరవై రోజుల షూటింగ్ అయ్యేసరికి మీ నోటుపుస్తకంలో కొన్ని వందల బొమ్మలుంటాయి. ఏ కోర్సులోనూ ఇన్ని దొరకవు. ఒక్క జాగ్రత్త: కెమెరామన్ అడక్కుండా ఫ్రేము మీద అభిప్రాయం చెప్పొద్దు. మీ కట్‌లో ఒక షాటు అతకనప్పుడు చెప్పండి, అదీ డైరెక్టర్‌కే.

రెండోది డేటా పని, అంటే కెమెరా కార్డుల్లోని ఫుటేజీని డిస్కుల్లోకి భద్రంగా ఎక్కించడం. ఎడిటింగ్ నుంచి వచ్చినవాళ్లకు ఇక్కడ విలువ ఎక్కువ, ఎందుకంటే ఫైలు పేరు మారిస్తే, ఒకే టైమ్‌కోడ్ రెండు కెమెరాల్లో తప్పుగా పడితే, కన్ఫర్మ్‌లో (ఎడిట్‌ను అసలు కెమెరా ఫైళ్లతో మళ్లీ పేర్చే దశ) ఏం జరుగుతుందో మీకు తెలుసు. పని తేలిక కాదు. ప్రోరెస్ 422 హెచ్‌క్యూ అనే రికార్డింగ్ ఫార్మాట్, యూహెచ్‌డీ సైజు, 24 ఫ్రేములైతే గంట ఫుటేజీకి దాదాపు 320 జీబీ. రెండు కెమెరాలు చెరో మూడు గంటలు తిరిగితే 1.9 టీబీ. సెకనుకు 150 ఎంబీ రాసే మామూలు హార్డ్‌డిస్క్ మీద ఒక కాపీకే మూడున్నర గంటలు, సరిచూడటానికి మళ్లీ దాదాపు అంతే. అందుకే ప్యాకప్ తర్వాత డేటా మనిషి ఒక్కడే మిగిలిపోతాడు. ఎస్ఎస్‌డీ కావాలని ముందే ప్రొడక్షన్‌తో మాట్లాడుకోవాలి. మౌసుతో లాగి వదిలితే కాపీ అయినట్టు కాదు. సిల్వర్‌స్టాక్, ఆఫ్‌షూట్ (పాత పేరు హెడ్జ్), షాట్‌పుట్ లాంటి సాఫ్ట్‌వేర్లతో చెక్‌సమ్ రిపోర్టు (కాపీ అసలుతో సరిపోయిందని చూపే లెక్క) తీసి, రెండు వేర్వేరు డిస్కుల్లో సరిపోయాకే కార్డు ఫార్మాట్‌కు ఇవ్వాలి. తీసిన కార్డుకు ఏ రంగు టేపు, ఖాళీ కార్డుకు ఏ రంగు టేపు అన్నది యూనిట్‌ను బట్టి మారుతుంది, మొదటి రోజే అడిగి రాసుకోండి. ఈ పనిలో ఉన్నన్నాళ్లూ మీరు కెమెరా శాఖ మనిషే. అసిస్టెంట్ ఒకరు రాని రోజు క్లాప్ మీ చేతికొస్తుంది, దారి అక్కడ తెరుచుకుంటుంది.

మూడోది కెమెరా అద్దెకిచ్చే ఆఫీసు. రెండు మూడు నెలలు, జీతం తక్కువైనా సరే. షూటింగ్‌కు ముందురోజు జరిగే కెమెరా టెస్టుల్లో లెన్సులు పరీక్షించడం చూడాలి. సెన్సర్ గుర్తు నుంచి టేపు పెట్టి రెండు మీటర్ల దగ్గర చార్టు నిలబెట్టినప్పుడు లెన్సు బ్యారెల్ మీద రెండు మీటర్లే చూపాలి. పీఎల్ మౌంట్‌లో (సినిమా లెన్సులు బిగించే అమరిక) మౌంట్ నుంచి సెన్సర్‌కు దూరం 52 మిల్లీమీటర్లు. ఇందులో వెంట్రుకవాసి తేడా ఉన్నా వైడ్ లెన్సుల్లో గుర్తులన్నీ తప్పుతాయి, సెట్లో నింద ఫోకస్ పుల్లర్ మీద పడుతుంది.

ఇప్పుడు ఎడిటర్లు కెమెరా పట్టినప్పుడు చేసే తప్పులు. ఇవి మిగతావాళ్లు చేసే తప్పుల్లాంటివి కావు.

అన్నింటికంటే పెద్దది, కెమెరాలోనే కట్ చేయడం. మనసులో టైమ్‌లైన్ నడుస్తుంటుంది, తమకు కావలసిన ముక్క రాగానే ఆపేస్తారు. యాక్షన్‌కు ముందు అయిదు సెకన్లు, డైలాగ్ అయ్యాక అయిదు సెకన్లు తప్పనిసరిగా తిరగనివ్వాలి. డైలాగ్ అయిపోయాక నటుడు కళ్లు దించే ఆ క్షణం కోసం ఎడిటర్ ఎంత వెతుక్కుంటాడో మీకంటే ఎవరికి తెలుసు? అయినా ఈ తప్పు దాదాపు అందరూ చేస్తారు, ఎందుకంటే కెమెరా వెనక నిలబడగానే సమయం వేరేలా నడుస్తుంది.

దానికి పూర్తిగా ఎదురుది, భయంతో అన్ని సైజులూ తీయడం. కాల్షీటు అయిపోతుంది, అసలు షాటుకు లైటు ఉండదు.

మూడోది లైటు అతకకపోవడం. ఎడిటర్ షాట్లను విడివిడిగా చూడటానికి అలవాటుపడినవాడు. అందుకని ప్రతి షాటునూ విడిగా అందంగా లైట్ చేస్తాడు. మాస్టర్‌లో 2:1 ఉన్న ముఖం క్లోజ్‌లో 8:1 అయి కూర్చుంటుంది. మాస్టర్ లైట్ చేసినప్పుడే రెండు ముఖాల కీ (ప్రధాన లైటు), ఫిల్ (నీడ వైపు నింపే లైటు) రీడింగులు, లైటు ఎత్తు, దూరం రాసిపెట్టుకోవాలి. క్లోజ్‌కు వెళ్లినప్పుడు మెత్తదనం కొంచెం పెంచవచ్చు, దిశ మారకూడదు. ఒక వైపు చూసే షాట్లన్నీ పూర్తిచేసి, తర్వాతే రెండో వైపు తిరగాలి. లైటింగ్ అటు తిప్పడానికి అరగంటైనా పడుతుంది. మీ ఎడిటింగ్ క్రమంలో షాట్లు అడిగితే లైట్‌మెన్‌కు రోజంతా లైట్లు మోయడమే సరిపోతుంది.

నాలుగోది "డీఐలో సరిచేద్దాం". అక్కడ ఏది సరవుతుందో, ఏది కాదో మీరు తీసిన తొమ్మిది క్లిప్పుల కాగితమే చెబుతుంది.

అయిదోది మనుషులతో పని. ఏసీ గదిలో ఇద్దరితో పనిచేసినవాడు సెట్లో ఇరవైమందికి పని చెప్పాలి. లైట్ చీఫ్‌కు "ఇంకొంచెం ఫీల్ కావాలి" అంటే ఏం చేయాలో తెలియదు. "ఆ కిటికీ బయటి హెచ్‌ఎంఐ లైటును ఒక స్టాపు తగ్గించి, రెండడుగులు ఎడమకు జరపండి" అంటే ఇట్టే అవుతుంది. వాళ్ల అనుభవం మీకంటే ఎక్కువ. ఫలితం చెప్పి దారి అడిగితే చాలాసార్లు మీకంటే తేలిక దారి చూపిస్తారు.

ఆరు నెలల తర్వాత ఒక పరీక్ష పెట్టుకోండి. ఇద్దరు మనుషులు, ఒక టేబుల్, ఒక పేజీ డైలాగ్. ఏడు సెటప్‌లు, నాలుగు గంటలు, ఒకే లెన్స్. ఎడిటింగ్ మాత్రం ఇంకొకరికి ఇవ్వండి, మీరు పక్కన కూర్చోవద్దు. వాళ్లు వాడని షాట్లు, వాళ్లు అడిగిన లేని షాట్లు, రెండు జాబితాలు తీసుకోండి. నెలకొకటి చొప్పున మూడుసార్లు చేస్తే రెండో జాబితా బాగా కురచ అవ్వాలి.

షోరీల్ (చేసిన పని నమూనాల వీడియో) విషయంలో మీ నైపుణ్యమే మీకు అడ్డం. బలహీనమైన షాట్లను వేగంగా కట్ చేసి పాట మీద పరిగెత్తించడం మీకు చేతనవును, కెమెరామన్లు దాన్ని పది సెకన్లలో పసిగడతారు. రెండు నిమిషాలు దాటకుండా, ఒకే సీన్‌లోని మూడు నాలుగు షాట్లు వరసగా పెట్టండి. లైటు అతికిందా లేదా అన్నదే వాళ్లు చూస్తారు. ఎడిటింగ్ రీల్ వేరుగా ఉంచండి, రెండూ కలిపి పంపితే రెండింటికీ పిలవరు.

డబ్బు గురించి దాచకుండా చెప్పుకోవాలి. ఎనిమిది నుంచి పన్నెండు నెలల ఇంటి ఖర్చు చేతిలో లేకుండా టేబుల్ వదలొద్దు. తెలుగు పరిశ్రమలోని 24 శాఖల్లో ఎడిటింగ్, కెమెరా వేర్వేరు యూనియన్లు. మీకు ఎడిటర్స్ కార్డు ఉంటే దాన్ని చందా బాకీ లేకుండా నిలుపుకోండి. కెమెరా కార్డుకు ఎన్ని సినిమాలు, ఎవరి సంతకాలు, ఎంత రుసుము అన్నది నేరుగా యూనియన్ ఆఫీసులోనే అడగండి, నియమాలు మారుతుంటాయి. స్నేహితులు చెప్పింది విని దరఖాస్తు పెట్టొద్దు.

రెండూ కలిపి చేయడం గురించి. హాలీవుడ్ దర్శకుడు స్టీవెన్ సోడర్‌బర్గ్ తన చాలా సినిమాలకు పీటర్ ఆండ్రూస్ పేరుతో కెమెరా, మేరీ ఆన్ బెర్నార్డ్ పేరుతో ఎడిటింగ్ చేస్తాడు. మన దగ్గర బాలు మహేంద్ర పుణె ఇన్‌స్టిట్యూట్‌లో సినిమాటోగ్రఫీ చదివి, శంకరాభరణానికి కెమెరా పట్టి, తను డైరెక్ట్ చేసిన చాలా సినిమాలకు కెమెరా, ఎడిటింగ్ తనే చేసుకున్నారు. ఇద్దరూ దర్శకులని గమనించండి. దర్శకుడు తన సినిమాకు రెండూ చేసుకోవచ్చు, పిలిపించుకున్న టెక్నీషియన్‌కు అది కుదరదు. ఎందుకంటే షూటింగ్ రెండో రోజు నుంచే ఎడిటింగ్ మొదలవుతుంది, మీరు ఆ వేళకు లొకేషన్‌లో ఉంటారు. ఆదుర్తి సుబ్బారావు కూడా ఎడిటింగ్ టేబుల్ నుంచే దర్శకత్వానికి వెళ్లారు. మీ మనసులో నిజంగా ఉన్నది దర్శకత్వమైతే కెమెరా శాఖలో ఆరేడేళ్లు గడపడం చుట్టుదారి, దీని గురించి ఇప్పుడే ఆలోచించుకోండి. రెండూ ఒకే మనిషి చేసే చోట్లు డాక్యుమెంటరీలు, షార్ట్ ఫిల్ములు, కంపెనీ వీడియోలు, పెళ్లి సినిమాలు. మారే కాలంలో మీ ఇల్లు గడిపేవి కూడా ఇవే.

వెనక్కి ఎడిటింగ్‌కు రావడం సాధ్యమే, కానీ చేతికి అలవాటు తప్పకూడదు. నాలుగైదు నెలలకొక చిన్న పనైనా పూర్తి డెలివరీ దాకా చేయండి. ఇరవై నిమిషాల రీళ్లుగా విడగొట్టడం, మొదటి ఫ్రేముకు సరిగ్గా రెండు సెకన్ల ముందు సింక్ పాప్ (బొమ్మ, సౌండు కలిశాయో చూసుకునే బీప్), సౌండ్ వాళ్లకు ఏఏఎఫ్‌లో (ఎడిట్‌లోని సౌండును పంపే ఫైలు) రెండు సెకన్ల హ్యాండిల్స్ (కట్‌కు ముందూ వెనకా ఉంచే అదనపు ముక్క), వీఎఫ్ఎక్స్ వాళ్లకు ఎనిమిది నుంచి పన్నెండు ఫ్రేములు, డీఐకి ఈడీఎల్‌తోపాటు (కట్‌ల జాబితా ఫైలు) టైమ్‌కోడ్ కనబడే రిఫరెన్స్ వీడియో. కెమెరా నుంచి తిరిగొచ్చినవాళ్లు మరిచిపోయేవి ఇవే. ఫ్రేమ్ రేటు తప్పు కూడా కెమెరా, ఎడిటింగ్ మధ్యలోనే పుడుతుంది. కెమెరా 23.976, సౌండ్ 24 అయితే గంటకు 3.6 సెకన్ల తేడా. చిన్న టేకుల్లో ఇది కనబడదు, పది నిమిషాల స్టేజ్ ప్రోగ్రాం టేకులో పెదవులు అర సెకను పైనే తప్పుతాయి. పాటల్లో 48 ఫ్రేములు తీస్తే ప్లేబ్యాక్ రెండింతల వేగంతో ఉండాలి, ఆ వేగపు ట్రాకు ముందురోజే తయారుచేసి పెట్టే పని చాలాసార్లు అసిస్టెంట్ ఎడిటర్‌దే.

తిరిగొచ్చాక మొదటి మూడు నెలలు మీరు తీసిన ఫుటేజీని మీరు కట్ చేయొద్దు. క్రేన్ ఎక్కించడానికి గంటన్నర పట్టిన షాటు కాబట్టి మొదటి నుంచి చివరిదాకా ఉంచేస్తారు, కథకు అందులో కావలసింది రెండు సెకన్లే కావచ్చు. ఫోకస్ బాగున్న టేకు కోసం నటన బాగున్న టేకును వదిలేస్తారు. దీనికో పద్ధతి ఉంది: సీన్‌లోని అన్ని టేకుల ఆడియోను మానిటర్ ఆపేసి ఒకసారి పూర్తిగా వినండి, ఏ టేకులో ఏ మాట బాగుందో కాగితం మీద రాయండి, ఆ తర్వాత మానిటర్ వేసి ఆ కాగితం ప్రకారమే మొదటి అసెంబ్లీ పేర్చండి. బొమ్మ బాగాలేని చోట్లు అప్పుడు ఎన్ని మిగిలాయో చూసుకుని, వాటికి మాత్రమే వేరే టేకు వెతకండి.